చిన్నబండి దారిలో ఒక రోజు



సంక్రాంతి వెళ్ళిపోయి, ధాన్యము గాదెలకు చేరి, పొలాల్లో పెసర మినుము పచ్చగా లేచే రోజులలో మన పల్లెవారికి కొంచెము తీరిక దొరుకుతుంది. ఆ తీరికలో మా సంఘము నుండి పిన్నలు పెద్దలు కలిసి ఇరవైముగ్గురము ఒక రోజు రైలు ప్రయాణము చేసి వచ్చాము. వెళ్ళింది దూరదేశమేమీ కాదు. ఆమదాలవలసలో బండి ఎక్కి, నౌపడ మీదుగా గుణుపురము చేరి, రాత్రికి ఇల్లు చేరుకొన్నాము. ఆ ప్రయాణము గూర్చి ఈ నెల మీతో నాలుగు మాటలు చెప్పుకోవాలని ఉన్నది. అందులో మా తప్పు కూడా ఒకటి ఉన్నది. ముందు దానినే చెప్పుకొంటాము.

మా సంఘములో ఎనభై దాటిన పెద్దాయన ఒకరున్నారు. నౌపడ–గుణుపురము చిన్నలైనులో గ్యాంగుమనిషిగా పనిచేసి, ఆ లైను మూతపడక కొద్దికాలము ముందే రిటైరయ్యారు. రెండేళ్ళ క్రితము ఒక ఆదివారము ఆరాధన అయిన తరువాత చెప్పులు తొడుక్కుంటూ, "అయ్యగారూ, ఓపాలి మనోళ్ళందర్నీ ఏసుకుని గునుపురం ఎల్లొద్దామండి. పెద్దలైను ఏసినాక ఆ దారెలాగుందో సూడాలనుందండి" అన్నారు. "అలాగే తాతా, వేసవి సెలవుల్లో వెళ్దాము" అన్నాము.

వేసవి వచ్చింది, ఎండలు ఎక్కువన్నాము. వానలు వచ్చాయి, ఊడ్పులన్నాము. ఆ తరువాత మా యౌవనస్థులు అరకు వెళ్దామని పట్టుపట్టారు. 2017 ఏప్రిల్‌లో విశాఖ–అరకు బండికి అద్దాల పైకప్పు గల పెట్టె తగిలించిన నాటి నుండి మన ఊళ్ళల్లో అందరికీ దాని మీదనే మోజు గదా! కొత్తవలస, శృంగవరపుకోట దాటి, సొరంగము వెంట సొరంగముగా కొండ ఎక్కే ఆ దారి నిజముగా చూడదగినదే. 1960లలో బైలదిల్లా ఇనుప రాయిని విశాఖ రేవుకు దింపి జపానుకు పంపటానికి వేసిన దారి అది. అక్కడికి వెళ్ళి బొర్రా గుహలు చూచి, కాఫీ పొడి కొనుక్కొని వచ్చాము. తాతగారిని పిలవలేదు. "మెట్లు ఎక్కలేరులే" అని మాలో మేమే తీర్పు చెప్పుకొన్నాము.

ఈ రెండేళ్ళలో తాతగారికి నీటికాసుల జబ్బుతో చూపు పోయింది. ఒక కన్ను పూర్తిగా, రెండవ కంటికి వెలుగునీడలు మాత్రమే మిగిలాయి. డాక్టర్లు మందులతో ఉన్నది నిలబెట్టగలము గాని పోయింది తేలేమన్నారు. మొన్న క్రిస్మసు తరువాత పరామర్శకు వెళ్ళినప్పుడు ఆ పాత మాట మాకు జ్ఞాపకము వచ్చింది. సిగ్గుతో, "తాతా, గుణుపురము వెళ్దామా?" అని అడిగాము. ఆయన కొంచెము సేపు ఊరుకొని, "ఇప్పుడు నాను సూసేదేటుందండి? అయినా ఎల్దాం. మీరు సూసి సెప్పండి, నాను ఇంటాను" అన్నారు. నిష్ఠూరమాడి ఉంటే మాకు అంత బాధ ఉండేది కాదు.

దారి వేసిన కథ

ప్రయాణమునకు ముందు ఆదివారము పిల్లలను కూర్చోబెట్టి ఆ లైను కథ చెప్పాము. మీ పిల్లలకు కూడా పనికి వస్తుందని ఇక్కడ క్లుప్తముగా వ్రాస్తున్నాము.

కలకత్తా నుండి మద్రాసు వెళ్ళే పెద్ద లైను మన జిల్లాలో సముద్రము పక్కగా పోతుంది. పర్లాకిమిడి అందుకు నలభై కిలోమీటర్లు లోపల ఉండిపోయింది. అప్పుడది మద్రాసు రాజధానిలోని గంజాము జిల్లా. సరుకైనా మనిషైనా ఎడ్లబండి మీద రావలసిందే. పర్లాకిమిడి రాజావారు గౌరచంద్ర గజపతి నారాయణదేవుగారు నౌపడ నుండి తమ పట్నము దాకా సొంతముగా రైలు వేయించాలని తలపెట్టారు. అనుమతి వచ్చి, పని జరిగి, 1900 ఏప్రిల్ 1న బండి నడిచింది. ఖర్చు సుమారు 7 లక్షల రూపాయలు. ఆ రోజుల్లో అది ఎంత సొమ్మో మీరే ఊహించుకొనండి.

పెద్దలైనులో పట్టాల నడుమ వెడల్పు అయిదున్నర అడుగులు. ఈ లైనుకు రెండున్నర అడుగులే. అలా ఎందుకు వేశారని మా పిల్లలు అడిగారు. సన్నని దారి అయితే మెలికల్లో సులువుగా తిరుగుతుంది. కట్టకు మట్టి తక్కువ, వంతెనలు చిన్నవి, ఇంజను తేలిక, ఖర్చు తక్కువ. ఒక జమీందారు భరించగల రైలు అదే. అంతా చేసినా మొదటి పదేళ్ళు నష్టమే వచ్చింది. 1910 తరువాత కొద్దిగా లాభము కనబడింది. 1924–25 తరువాత బాగా రావటముతో గుణుపురము దాకా పొడిగించారు. 1931 నాటికి ఆ పని పూర్తయి మొత్తము దారి తొంభై కిలోమీటర్లయింది.

1936 ఏప్రిల్ 1న ఒరిస్సా వేరు రాష్ట్రమైనప్పుడు పర్లాకిమిడి అటు వెళ్ళింది, పాతపట్నము ఇటు మిగిలింది. పెళ్ళి సంబంధాలు, బజారు బేరాలు, ఆసుపత్రి, బడి అన్నీ రెండు వైపులా కలిసి ఉన్న ఊళ్ళ నడుమ గీత పడింది. బండి మాత్రము ఆ గీత దాటి రోజూ నడిచింది. 1990ల మొదటి దాకా పొగబండి, తరువాత డీజిలు బండి. 2004 జూన్‌లో చిన్నలైను మూసి పెద్దలైను పనులు మొదలుపెట్టారు. 2010 ఆగస్టులో పర్లాకిమిడి దాకా, 2011 ఆగస్టులో గుణుపురము దాకా పెద్దబండి వచ్చింది. ఇప్పుడు విశాఖ నుండి విజయనగరము, ఆమదాలవలస మీదుగా గుణుపురమునకు పాసింజరు తిన్నగా వెళ్తుంది.

మా చిన్నతనములో ఆ పొగబండి ఒకసారి ఎక్కిన జ్ఞాపకము మాకున్నది. కిటికీలో తల పెడితే బొగ్గు నలుసు కంట్లో పడింది. అమ్మ కొంగు గుండ్రముగా చుట్టి, నోటితో ఊది, ఆ వెచ్చటి గుడ్డ కంటికి అద్దింది. అంతకు మించి ఏమీ గుర్తు లేదు.

ఉప్పు గాలి

బయలుదేరే రోజు తెల్లవారుజామునే ఆటోలలో ఆమదాలవలస స్టేషనుకు చేరాము. బోర్డు మీద శ్రీకాకుళం రోడ్డు అని ఉంటుంది గాని మనకది ఎప్పుడూ ఆమదాలవలస స్టేషనే. సహోదరీలు పులిహోర, పెరుగన్నము, తంపటేసిన వేరుశనగకాయలు, గవ్వలు మూటకట్టి తెచ్చారు. ప్లాటుఫారము మీదనే ప్రార్థన చేసుకొన్నాము. తాతగారిని ఆయన మనుమడు చెయ్యి పట్టుకొని తెచ్చాడు. పదమూడేళ్ళ కుర్రవాడు. వాళ్ళ నాన్నగారు, "తాతని సూసుకోడానికి నువ్వెల్లు" అని బలవంతముగా పంపారని వాని ముఖమే చెప్పుతున్నది. చెవుల్లో ఇయర్‌ఫోన్లు, చేతిలో సెల్లు. తాతగారిని కిటికీ దగ్గర కూర్చోబెట్టి తాను ఎదుట బెంచీలో కూలబడ్డాడు.

వంశధార వంతెన దాటుతుంటే చప్పుడు మారింది. తాతగారు, "వంశధార. నీరెంతుంది?" అని అడిగారు. ఎవరూ పలకలేదు. మేమే కిటికీలోనుండి చూచి, "ఇసుక ఎక్కువ, పాయ సన్నగా ఉన్నది తాతా" అన్నాము. "పుష్యమాసం గదా, అంతేనండి" అన్నారు. తిలారు, కోటబొమ్మాళి దాటాక ఆయన నిటారుగా కూర్చొన్నారు. "నౌపడ వచ్చీసినట్టుందే. ఉప్పు గాలి తగుల్తంది" అన్నారు. నిజమే, దూరముగా ఉప్పు మళ్ళు, తెల్లటి కుప్పలు కనబడుతున్నాయి. ఆ మాటకు మనుమడు ఒక చెవిలోని తీగ తీసి, "తాతా, నీకెలా తెలిసింది?" అన్నాడు. అక్కడి నుండి మాకు గైడు దొరికాడు.

నౌపడలో ఏమి జరిగేదో తాతగారు ఇలా చెప్పారు. చిన్నబండి పట్టాలు ఒక పక్క, పెద్దబండి పట్టాలు మరొక పక్క. చిన్న వేగను పెద్దలైను మీద నడవదు గనుక వచ్చిన ప్రతి బస్తా ఇక్కడ దింపి మరల ఎక్కించవలసిందే. పై నుండి బియ్యము, చింతపండు, వెదురు దిగేవి. కింది నుండి ఉప్పు, కిరసనాయిలు, బట్టల మూటలు ఎక్కేవి. "ఒక్క బస్తాని రెండుపాళ్ళు మోసినందుకు కళాసీ కడుపు నిండేది, షావుకారి కడుపు మండేది" అని నవ్వారు. లారీలు వచ్చాక సరుకు ఎందుకు వాటి మీదికి పోయిందో ఆ ఒక్క మాటలో తేటపడింది. లారీ అయితే గుణుపురములో ఎత్తిన బస్తాను విశాఖలోనే దింపుతుంది.

నౌపడ దగ్గరలోనే తేలినీలాపురము ఉన్నది. చలికాలములో గూడబాతులు, రంగురంగుల కొంగలు గుంపులుగా వచ్చి చెట్ల మీద గూళ్ళు కట్టి పిల్లలను పెంచుకొని వెళ్తాయి. ఈసారి దిగలేదు. వేరే ఒక పూట కేటాయించుకొని వెళ్ళదగిన చోటు.

టెక్కలి దాటిన తరువాత దారికి రెండు వైపులా తాడిచెట్లు, జీడితోటలు, గడ్డికుప్పలు. ఉత్తరాన మహేంద్రగిరి నీలముగా కనబడుతున్నది. పిల్లలు వంతులవారీగా తాతగారికి కనబడినదంతా చెప్పుతున్నారు. ఆయన ప్రతిదానికీ ఒక ప్రశ్న వేస్తున్నారు. "కట్ట మీద కంకర తెల్లదా, నల్లదా?" "స్లీపర్లు కర్రవా, ఇనపవా?" సిమెంటువని చెప్పితే నమ్మలేదు. తెంబూరులో బండి ఆగినప్పుడు మనుమడు సెల్లుతో ఫొటో తీసి, "సిమెంటువే తాతా, లెక్కపెట్టాను" అని ఒట్టువేసి చెప్పాడు.

గ్యాంగుపని ఎట్టిదో ఆయన చెప్పగా మొదటిసారి విన్నాము. రైలు మీద తిరిగిన వారము ఎంతమందిమి ఉన్నామో గాని రైలు కింద దారిని ఎవరు కాస్తారో మనలో ఎవరమైనా తలచామా? గ్యాంగుకు కొన్ని కిలోమీటర్ల దారి అప్పగిస్తారు. అందులో ఒకరు కీమేను. రోజూ సుత్తి, పానా పట్టుకొని తన దారి పొడుగునా నడిచి, వదులైన తాళములు బిగించాలి, విరిగిన పట్టా ఉన్నదేమో చూడాలి. మిగిలినవారు స్లీపర్ల కింద కంకర కూరాలి. వానాకాలము రాత్రులు లాంతరు పట్టుకొని గస్తీ తిరగాలి. కట్ట కోసుకుపోయినా, చెట్టు పడినా, ఎదురు పరుగెత్తి పట్టా మీద టపాసులు కట్టాలి. ఇంజను చక్రము వాటి మీదికి రాగానే పేలతాయి, డ్రైవరు బండి ఆపుతాడు. "ఎన్నిసార్లు కట్టావు తాతా?" అని ఒక పిల్ల అడిగింది. "రెండుసార్లమ్మా. రెండుపాళ్ళూ బండి ఆగింది. జనం కిందకి దిగి ఆలిశమైపోయిందని నన్నే తిట్టినారు" అన్నారు. అందరమూ నవ్వాము గాని ఆ నవ్వు ఎక్కువసేపు నిలువలేదు.

కొంతసేపటికి ఆయన మౌనముగా ఉండిపోయారు. ఏమని అడిగితే, "బండి సప్పుడు సెయ్యట్లేదండి" అన్నారు. మాకు అర్థము కాలేదు. వివరించారు. పాత దారిలో పట్టాకు పట్టాకు నడుమ చిన్న సందు వదిలేవారు. ఎండకు ఇనుము సాగుతుంది గనుక ఆ సందు లేకపోతే పట్టా వంకరపోతుంది. చక్రము ఆ సందు దాటినప్పుడల్లా టకటకమంటుంది. ఆ చప్పుడు విని ఎక్కడ అతుకు వదులైనదో పనివారు చెప్పగలిగేవారు. ఇప్పుడు పట్టాలను పొడుగునా అతికించి, సిమెంటు స్లీపర్లకు క్లిప్పులతో బిగబట్టి ఉంచుతారు. అందుకే ఆ టకటక లేదు. చూపు పోయిన మనిషి చెవులతో తన దారిని గుర్తుపట్టవచ్చునని ఆశపడి వచ్చారు. దారి ఆయనతో మాటలాడలేదు.

పాతపట్నమునకు ముందు తన గ్యాంగు గుడిసె ఉండే చోటు ఒకటి చెప్పమన్నారు. ఒక మర్రిచెట్టు, దాని పక్కన చిన్న తూము గుర్తులు. అందరమూ కిటికీలకు అతుక్కొని చూచాము. మర్రిచెట్లు రెండు కనబడ్డాయి, తూములు చాలా కనబడ్డాయి. గుడిసె ఏదీ లేదు. ఒక సహోదరుడు ఆయన సంతోషము కోసము, "అదిగో తాతా, కనబడింది" అనబోతే మనుమడు అడ్డుపడ్డాడు. "లేదు తాతా. అన్నీ సూసాను. గుడిసె లేదు" అన్నాడు. తాతగారు వాని మోకాలు తడిమి, "ఎలా ఉంటాదిలే నాయనా, ఇరవయ్యేళ్ళు దాటిపోనాది" అన్నారు. నిజము చెప్పిన ఆ కుర్రవాని చేతినే ఆయన రోజంతా పట్టుకొన్నారు.

మహేంద్రతనయ ఒడ్డున

పాతపట్నము, పర్లాకిమిడి పక్కపక్క ఊళ్ళు. రాష్ట్రము మారినట్లు స్టేషను బోర్డు చూస్తేనే గాని తెలియదు. మహేంద్రతనయ నది రెండు ఊళ్ళకూ చుట్టమే. ఈ పట్నము తెలుగువారికి మరువరానిది. గిడుగు వేంకట రామమూర్తి పంతులుగారు ఇక్కడి రాజావారి పాఠశాలలో ఉపాధ్యాయులుగా పనిచేశారు. చుట్టుపక్కల కొండల నుండి బజారుకు వచ్చే సవరలు మాట్లాడే భాషకు పుస్తకము లేదని గమనించి, ఆ భాష నేర్చుకొని, వారి పిల్లల కొరకు బడులు పెట్టి, వ్యాకరణము, నిఘంటువు తయారుచేశారు. మనము ఇప్పుడు పత్రికలలో ఇట్లు మాట్లాడుకొనే తెలుగు వ్రాయగలుగుతున్నామంటే వాడుకభాష కొరకు ఆయన చేసిన పోరాటమే కారణము. ఆయన పుట్టినరోజు ఆగస్టు 29నే తెలుగు భాషా దినోత్సవముగా జరుపుకొంటున్నాము. 1936లో పర్లాకిమిడిని ఒరిస్సాలో కలిపినప్పుడు ఆయన అంతకాలము బ్రతికిన ఊరు విడిచి రాజమండ్రి వెళ్ళిపోయారు. ఈ ఊరి పనివారు కొమ్ముతో చేసే దువ్వెనలు, కొంగలు, చేపలు కూడా పేరుపొందినవే.

అక్కడి నుండి కాశీనగరము మీదుగా వంశధార లోయలో బండి సాగుతుంది. ఉదయము సముద్రము వైపు దాటిన నదినే మరల కొండల వైపు గుణుపురములో కలుసుకొన్నాము. ఏటి ఒడ్డున చెట్టు నీడ చూచుకొని మూటలు విప్పాము.

బొమ్మ బండి, బ్రతుకు బండి

భోజనముల దగ్గర మా యౌవనస్థులలో ఒకరు సెల్లులో ఒక వీడియో చూపించారు. మధ్యధరా సముద్రములో మయోర్కా అని స్పెయిను దేశపు ద్వీపము ఒకటి ఉన్నది. అక్కడ పాల్మా పట్నము నుండి సోయెర్ అనే ఊరికి 1912లో వేసిన చిన్నబండి ఈనాటికీ నడుస్తున్నది. 27 కిలోమీటర్ల దారి, కొండ కింద పదమూడు సొరంగాలు, కర్ర పెట్టెలు. పట్టాల వెడల్పు మూడు అడుగులే. నారింజ తోటల వ్యాపారము వలన కలిగిన ఊరివారు పూనుకొని వేసుకొన్న దారి. 1929లో కరెంటు బండి అయింది గాని పెట్టెలు ఆనాటివే. ఎక్కడెక్కడి యాత్రికులో టిక్కెట్టు కొని, ఒక రోజు గైడుతో తిరిగి, బండి దగ్గర ఫొటోలు తీసుకొని వెళ్తారు. మన దేశములో డార్జిలింగు, ఊటీ, సిమ్లా చిన్నబండ్లను కూడా యునెస్కోవారు ప్రపంచ వారసత్వముగా గుర్తించారు. "మన బండిని కూడా అలా ఉంచీవలసింది. ఎంత పేరొచ్చేది!" అని కుర్రవాళ్ళు బాధపడ్డారు. మేమూ అవునన్నాము.

తాతగారు అన్నము ముద్ద కలుపుకొంటూ, "మీకది ఆడుకునే బొమ్మ నాయనా. మాకది కాళ్ళు" అన్నారు. తరువాత మెల్లగా చెప్పారు. ఆయన పెద్ద కూతురు నెలలు నిండి నొప్పులు పడుతుంటే పర్లాకిమిడి ఆసుపత్రికి చిన్నబండిలోనే తీసుకువెళ్ళారు. ఎక్కడో ఎదురుబండికి దారి ఇవ్వటానికి ఆగింది. ఎంతసేపు ఆగిందో ఆయన చెప్పలేదు. తల్లి దక్కింది, బిడ్డ దక్కలేదు. "ఆ దారి నా సేత్తో కంకర కూరిన దారే. అయినా ఆ దినం దాన్ని సూసి నాకు పేమ కలగలేదు. బేగి ఎల్లే బండి కావాల అనుకున్నాను. ఇప్పుడొచ్చింది. మంచిదే. కానీ దారి మూసిన ఆరేడేళ్ళూ ఈ ఊళ్ళోళ్ళు ఎలా తిరిగినారో ఎవులూ రాసుకోలేదు. పాత బండి ఫొటోలు తీసుకున్నోళ్ళు శానామంది వచ్చినారు. దారి కాసినోళ్ళ పేర్లడిగినోడు ఒక్కడు రాలేదు" అన్నారు.

ఎవరమూ మాటలాడలేదు. మయోర్కా సంగతి మరల ఆలోచిస్తే అక్కడ కూడా జరిగింది వేరు కాదని తోచింది. 1997లో ఆ కొండకు రోడ్డు సొరంగము తవ్వారు. ఊరివారు పనుల మీద పోవటానికి బస్సులు, కార్లు పట్టుకొన్నారు. బండి యాత్రికులది అయింది. అంటే పాత బండి బొమ్మగా నిలబడాలంటే ముందు ఊరివారికి వేరొక దారి దొరకాలి. మన పల్లెలకు ఆ రెండవ దారి లేదు. ఉన్న ఒక్క దారినే పెద్దది చేసుకొన్నాము. అందుకు చింతించవలసినది లేదని మాకిప్పుడు అనిపిస్తున్నది. చింతించవలసినది మరొకటి. బండి పోయినా దానిని నడిపిన మనుష్యులు మన మధ్యనే ఉన్నారు. వారిని అడగవలసినవారము మనమే. మేము రెండేళ్ళు ఆలస్యము చేశాము.

తిరుగు బండిలో మనుమడు ఇయర్‌ఫోన్లు జేబులో వేసుకొని తాత చెప్పే పేర్లు సెల్లులో వ్రాసుకొంటున్నాడు. గ్యాంగులో కలిసి పనిచేసిన పదకొండుమంది పేర్లు, వారి ఊళ్ళు. తొమ్మిది పేర్లు వచ్చాయి. మిగిలిన రెండు తాతగారికి జ్ఞాపకము రాలేదు. నౌపడ దగ్గర ఉప్పు గాలి మరల తగిలినప్పుడు ఆయన నిద్రపోతున్నారు. ఎవరమూ లేపలేదు.

మీరు వెళ్ళదలిస్తే

ఈ దారిలో ఒక రోజు వెళ్ళి రావటము పేద కుటుంబమునకు కూడా అందుబాటులోనే ఉంటుంది. కొన్ని జాగ్రత్తలు చెప్తాము. బండ్ల వేళలు మారుతుంటాయి గనుక ముందురోజే స్టేషనులో తిరుగు బండి వేళతో సహా కనుక్కొనండి. చిన్న స్టేషన్లలో బండి ఒకటి రెండు నిమిషములే ఆగుతుంది. ప్లాటుఫారము పల్లముగా ఉండే చోట మెట్టు ఎత్తు అవుతుంది. పెద్దవారిని ఎక్కించటానికి కింద ఒకరు, పైన ఒకరు బలమైనవారు నిలబడాలి. ముసలివారి మందులు, మంచినీళ్ళు, ఒక దుప్పటి చేతిసంచిలోనే ఉంచుకొనండి. పిల్లలను తలుపు దగ్గర నిలబడనీయకండి, ఫొటోల కొరకు పట్టాల మీదికి దిగనీయకండి. తిన్న ఆకులు, కవర్లు కిటికీలోనుండి పారవేయక మూటకట్టి తెచ్చుకొనండి. అన్నిటికంటె ముఖ్యముగా, ఆ దారి ఎరిగిన పెద్దవారిని ఒకరిని వెంటబెట్టుకొని వెళ్ళండి.

మన ఇండ్లలో ఏ పెద్దాయన, ఏ మామ్మగారు, "ఓపాలి ఎల్లొద్దామా" అని ఎప్పుడో అడిగి ఊరుకొన్నారేమో జ్ఞాపకము చేసుకొనండి. వారు అడిగినది పుట్టిన ఊరు కావచ్చును, చెల్లెలి ఇల్లు కావచ్చును, పని చేసిన మిల్లు కావచ్చును. రెండవసారి వారు అడగరు. పంట వచ్చాక, పెళ్ళి అయ్యాక, సెలవులు వచ్చాక అని మనము చెప్పే మాటలకు వారు తలూపుతారు. ఆ తలూపటము ఒప్పుకోలు అని మేము పొరబడ్డాము. ఈ నెలలోనే ఒక రోజు చూచుకొని ఆ ప్రయాణము కట్టండి. వెంట పిల్లలను తప్పక తీసుకువెళ్ళండి.

మా తాతగారికి జ్ఞాపకము రాని ఆ రెండు పేర్లలో ఒకటి మొన్న ఆదివారము వచ్చిందట. ఆరాధన మధ్యలోనే మనుమని చెవిలో చెప్పారు. వాడు పాటల పుస్తకము అట్ట లోపల వ్రాసుకొన్నాడు. వాని వంక చూచి కూడా మేము ఏమీ అనలేదు.

వచ్చే నెల మరల కలుసుకొందాము.